వెనక వంటశాల దాకా తీసుకెళ్లండి

మారిషస్ టూర్లు నడిపే ట్రావెల్స్ యజమానులకు, గైడ్లకు, మన రాష్ట్ర పర్యాటక, ఆర్కైవ్స్ శాఖల అధికారులకు బహిరంగ లేఖ

అయ్యా, అమ్మా,

నమస్కారం. నేను శ్రీకాకుళం జిల్లాలో ముప్పై ఏళ్లకు పైగా సోషల్ పాఠాలు చెప్పి రిటైరైన టీచర్ని. కిందటేడు నేనూ మా ఆవిడా ఒక ట్రావెల్స్ వారి ప్యాకేజీలో మారిషస్ వెళ్లొచ్చాం. హోటల్, భోజనం, బస్సు అన్నీ బాగున్నాయి. వాటి మీద ఫిర్యాదేమీ లేదు. నా బాధంతా ఒక పాత ఇంటి గురించి. దాని మీద ఆ ట్రావెల్స్ వారికి రెండు ఉత్తరాలు రాశాను. మారిషస్‌లో కలిసిన ఒక పెద్దాయన పని మీద ఇక్కడ ఒక ప్రభుత్వ కార్యాలయంలో అర్జీ పెట్టాను, రెండుసార్లు స్వయంగా వెళ్లి అడిగాను. ఎనిమిది నెలలైంది. ఎవరి నుంచీ ఒక్క ముక్క జవాబు లేదు. అందుకని ఇప్పుడు అందరి ముందూ రాస్తున్నాను. ఎవరి పేరూ బయటపెట్టడం లేదు. ఒకరి పరువు తీయాలని కాదు, పని జరగాలని రాస్తున్నాను.

మూడో రోజున మమ్మల్ని చెరకు తోటల కాలం నాటి ఒక బంగళాకు తీసుకెళ్లారు. ఇలాంటి ఇళ్లు మారిషస్‌లో ఇంకా కొన్ని నిలిచి ఉన్నాయి. మోకా అనే ఊళ్లో యురేకా 1830 నాటిది. దానికి 109 తలుపులని చెబుతారు. దక్షిణాన ఉన్న సెయింట్ ఆబిన్ 1819 నాటిది. విప్పేసిన ఓడల కలపతో దాన్ని కట్టారంటారు. ఉత్తరాన మాపూలో లాబుర్దొనే బంగళా 1859లో పూర్తయింది. దాని రెండంతస్తులకూ స్తంభాల వరండాలున్నాయి. మేం వెళ్లిన ఇల్లు ఏదన్నది ఇక్కడ రాయను. ఇళ్ల మీద నాకు ఫిర్యాదు లేదు, వాటిని చూపించే తీరు మీదే ఉంది.

ఇల్లు మాత్రం ఎంత బాగుందో చెప్పాలి. నల్లరాతి పునాది మీద, నేలకు బాగా ఎత్తుగా, చెక్కతో కట్టిన ఇల్లు. ముందూ వెనకా వెడల్పాటి వరండాలు. వాళ్లు వాటిని వరాంగ్ అంటారు. అందులో కుర్చీ వేసుకుని కూర్చుంటే మన పెంకుటింటి వసారాలో కూర్చున్నట్టే ఉంటుంది. తలుపులన్నీ ఎదురెదురుగా పెట్టారు. ముందు తలుపు తీస్తే వెనక తోట కనిపిస్తుంది, గాలి ఇటు నుంచి అటు దూసుకుపోతుంది. ఉక్కపోత దేశంలో ఇల్లు కట్టేవాడికి గోడ కంటే తలుపు మీదే ధ్యాస ఉంటుంది. మండువా ఇళ్లు కట్టిన మన పెద్దవాళ్లకూ ఇది తెలుసు. ఇలాంటి ఇళ్లకు చూరు పొడవునా అల్లికలా కత్తిరించిన నగిషీ అంచు వేలాడుతూ ఉంటుంది. పూర్వం పైకప్పుకు చెక్క పలకలు చేప పొలుసుల్లా ఒకదాని మీద ఒకటి పేర్చేవారు. గేటు నుంచి గుమ్మం దాకా దారికి అటూ ఇటూ చెట్ల వరస. వంటశాల మాత్రం ఇంటిని ఆనుకుని ఉండదు. వెనక, దూరంగా, విడిగా రాతితో కడతారు. చెక్క ఇంటికి నిప్పు అంటుకోకూడదు, పొగా సెగా దొరల గదుల్లోకి రాకూడదు కదా.

గైడ్ మాకు ముందు హాలు చూపించాడు. పియానో, పింగాణీ కప్పులు, గోడ మీద పటాలు, యజమానుల వంశం, ఎవరు ఎవర్ని పెళ్లి చేసుకున్నారన్నది కూడా చెప్పాడు. ఈ ఇంట్లో పనులు ఎవరు చేసేవారు బాబూ అని అడిగాను. "సర్వెంట్స్ ఉండేవాళ్లు సార్" అన్నాడు. వెనక వంటశాల చూడొచ్చా అంటే, "అక్కడేం లేదు సార్, మసిగోడలు. టీ తాగి బస్సెక్కాలి, టైమైపోయింది" అన్నాడు. ఆ కుర్రాణ్ణి నేను తప్పుపట్టను. అతని చేతికిచ్చిన కాగితంలో లేనిది అతను ఎక్కణ్ణుంచి తెచ్చి చెబుతాడు?

మా ఆవిణ్ణి వరండాలో కూర్చోబెట్టి నేనొక్కణ్ణే వెనక్కి వెళ్లాను. తలుపు తీసే ఉంది. గోడలు నిజంగానే నల్లగా ఉన్నాయి. పొయ్యి గట్టు అంచు మధ్యలో ఒకచోట బాగా అరిగిపోయి ఉంది. చెయ్యి పెడితే అరచేయి సరిగ్గా అందులో కూర్చుంది. ఎన్ని చేతులు, ఎన్నేళ్లు అక్కడ ఆనుకుంటే రాయి అలా అరుగుతుంది? మా అమ్మమ్మ వాళ్లింట్లో రుబ్బురోలు పక్క రాయి ఇలాగే అరిగి ఉండేది. ఆ అరుగుదల మా అమ్మమ్మది, ఆవిడ అత్తగారిది అని మాకు తెలుసు. ఇక్కడ ఈ చేతులు ఎవరివో చెప్పేవాళ్లు ఒక్కరూ లేరు. కనీసం ఒక బోర్డైనా లేదు.

"సర్వెంట్స్" అన్న ఒక్క మాట కింద ఎవరెవరు ఉన్నారో క్లుప్తంగా చెబుతాను. ఆ దీవిలో 1835 ఫిబ్రవరి 1 దాకా బానిసత్వం ఉండేది. ఆఫ్రికా నుంచి, మడగాస్కర్ నుంచి, కొందరిని మన దేశం నుంచి కూడా పట్టుకెళ్లారు. 1819లోనో 1830లోనో లేచిన బంగళా అంటే బానిసల కాలంలో లేచిందనే అర్థం. బానిసత్వం రద్దయినప్పుడు బ్రిటిష్ ప్రభుత్వం యజమానులకు 20 లక్షల పౌండ్లకు పైగా నష్టపరిహారం ఇచ్చింది. విడుదలైనవాళ్లకు ఏమీ ఇవ్వలేదు సరికదా, 1839 దాకా "అప్రెంటిస్" అన్న పేరుతో ఆ యజమానుల దగ్గరే పని చేయించింది.

బానిసత్వం పోతోందంటే తోటలకు వేరే చేతులు కావాలి. దానికి మన దేశం మీద పడ్డారు. 1834 నవంబరు 2న అట్లాస్ అనే ఓడలో 36 మంది కూలీలు పోర్ట్ లూయీలో దిగారు. అక్కణ్ణుంచి ఇరవయ్యో శతాబ్దం మొదటి రోజుల దాకా ఇంచుమించు నాలుగున్నర లక్షల మంది వెళ్లారు. మధ్యలో 1839లో వలస ఆపేసి, మూడేళ్ల తర్వాత మళ్లీ తెరిచారు. తెరవగానే 1843లో మన గోదావరి తీరం నుంచి కోరంగి ప్యాకెట్ అనే ఓడ బయల్దేరింది. ఆ రోజుల్లో మనవాళ్లు ఎందుకు ఓడెక్కారో పెద్దగా ఊహించక్కర్లేదు. 1832-33లో నందన కరువు. 1839 నవంబరులో కోరంగిని ముంచేసిన ఉప్పెన. తిండి లేని ఊళ్లోకి కూలీలను కూడగట్టే మేస్త్రీ వచ్చి నెలకు 5 రూపాయల జీతం, బియ్యం, పప్పు, బట్టలు ఇస్తారు, అయిదేళ్లలో తిరిగొచ్చేస్తావు అంటే ఎవరు కాదంటారు? వెళ్లిన తెలుగువాళ్లకు అక్కడ పడ్డ పేరు కోరంగీలు. రంగూన్‌లోనూ మనవాళ్లను అలాగే పిలిచారు.

అక్కడ డబుల్ కట్ అని ఒక పద్ధతి ఉండేది. ఒక రోజు పనికి రాకపోతే రెండు రోజుల కూలి కోస్తారు. జ్వరమొచ్చినా అంతే. నెలాఖరుకు చేతికొచ్చేది ఎంతో మీరే లెక్కేసుకోండి. 1850ల్లో తిరుగు ప్రయాణం ఖర్చు ఇచ్చే నియమం కూడా తీసేశారు. అయిదేళ్ల ఒప్పందం ముగిసినవాళ్లు ఫొటో ఉన్న పాస్ జేబులో లేకుండా రోడ్డెక్కితే, 1867 చట్టం కింద పట్టుకుని లోపలేసేవారు. ఇది భరించలేక 1871లో 9,401 మంది ఒక మహజరు మీద సంతకాలు పెట్టారు. దాన్ని రాసిపెట్టింది ఒక తోట యజమాని అల్లుడే, అడాల్ఫ్ ద ప్లేవిట్జ్. దాని ఫలితంగా మరుసటేడు రాయల్ కమిషన్ విచారణకు వచ్చింది.

చెరకు తోటల మధ్య నల్లరాళ్ల గుట్టలు కనిపిస్తాయి, బస్సులో వెళ్తుంటే మీరూ చూసే ఉంటారు. మా గైడ్ వాటిని అగ్నిపర్వతం రాళ్లు అన్నాడు. రాయి అగ్నిపర్వతానిదే. గుట్ట మాత్రం మనుషులు పేర్చింది. చెరకు నాటడానికి నేల తవ్వినప్పుడు తగిలిన ప్రతి రాయినీ చేతుల మీద మోసి, ఒక పక్కన పేర్చారు. బానిసలూ మోశారు, మన కూలీలూ మోశారు.

ఇది పాత కథే, ఇప్పుడు దీనివల్ల ఎవరికేం నష్టం అని మీరడగొచ్చు. జవాబిచ్చేటప్పుడు మీకు వీలుగా ఉంటుందని అంకెలు వేసి చెబుతున్నాను.

1. డబ్బు కూడబెట్టుకుని వెళ్లే మామూలు యాత్రికులు సగం కథే విని వస్తున్నారు. మా బస్సులో ఇరవై ఎనిమిది మంది ఉన్నాం. అందులో కనీసం పది మంది విశాఖ, విజయనగరం, శ్రీకాకుళం జిల్లాల వాళ్లం. మా ముత్తాతల తరంలో ఎవరో "ఓడెక్కి పోయాడు, మళ్లీ రాలేదు" అన్న మాట వినని ఇల్లు మా వైపు తక్కువ. అలాంటివాళ్లు ఆ ఇంటి వరండాలో నిలబడి ఫొటోలు దిగి, ఆ మనిషి అక్కడికే వచ్చి ఉండొచ్చన్న సంగతి తెలియకుండానే తిరిగొచ్చేశారు. రాత్రి భోజనాల దగ్గర ఈ విషయం చెబితే ఒకావిడ కన్నీళ్లు పెట్టుకుంది. ముందే ఎందుకు చెప్పలేదు మాస్టారూ, ఒక్క పువ్వైనా పెట్టి వచ్చేదాన్ని కదా అంది.

2. అసలు నష్టం అక్కడి మనవాళ్లకు. దీని గురించి కొంచెం వివరంగా చెప్పాలి. ప్యాకేజీలో లేకపోయినా మర్నాడు టాక్సీ కట్టించుకుని పోర్ట్ లూయీలోని ఆప్రవాసీ ఘాట్‌కి వెళ్లాం. 1849లో కట్టిన వలస కూలీల డిపో అది. 2006లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలోకి ఎక్కింది. ఓడ దిగిన ప్రతి మనిషీ ఎక్కిన రాతిమెట్లు అక్కడ ఇంకా ఉన్నాయి. ఆ మెట్ల దగ్గర అరవై ఏళ్ల పెద్దాయన ఒకరు మా తెలుగు విని ఆగారు. ఆరో తరం అట. నెమ్మదిగా, ఒక్కో మాటా వెతుక్కుంటూ తెలుగులో మాట్లాడారు. వాళ్లింట్లో ఇప్పటికీ రామభజనం చేస్తారు, సింహాద్రి అప్పన్నకు మొక్కుతారు. ఉగాది అక్కడ ప్రభుత్వ సెలవు, బడిలో పిల్లలు తెలుగు నేర్చుకునే వీలుంది. ఆయన సంచీలోంచి ప్లాస్టిక్ కవర్లో పెట్టిన జిరాక్స్ కాగితం తీసి చూపించారు. మోకాలోని మహాత్మా గాంధీ ఇన్‌స్టిట్యూట్‌లో వలస రిజిస్టర్లు భద్రంగా ఉన్నాయి. అందులోంచి తీయించుకున్న నకలు. నంబరు, పేరు, తండ్రి పేరు, వయసు, ఎత్తు, నుదుటి మీద మచ్చ, ఓడ పేరు, అన్నీ ఉన్నాయి. జిల్లా దగ్గర వైజాగపటం అని ఉంది. ఊరి పేరు దగ్గర మాత్రం ఇంగ్లీషు గుమస్తా తన చెవికి ఎలా వినపడితే అలా రాసుకున్నాడు. మొదటి భాగం ఎంత చూసినా అర్థం కాలేదు. చివర "పాలెం" ఒక్కటే తెలుస్తోంది.

మా మూడు జిల్లాల్లో పాలేలు ఎన్నున్నాయో మీకు తెలియంది కాదు. ఆయన ఆ కాగితం పట్టుకుని రెండుసార్లు ఇండియా వచ్చారు. కార్లు మాట్లాడుకుని ఊరూరా తిరిగారు. ఒక ఆఫీసులో "ఏ పాలెం బాబూ?" అని అడిగి, మర్నాడు రమ్మని పంపేశారట. మర్నాడు వెళ్తే ఆ సీటులో మనిషి లేడు. మూడోసారి రావడానికి ఒంట్లో ఓపిక లేదు, చేతిలో డబ్బూ లేదన్నారు. "ఊరు దొరక్కపోయినా పర్లేదు బాబూ, ఆ పక్క మట్టి ఒక గుప్పెడు పంపగలరా" అని అడిగారు. పంపాను. కానీ ఆయన అడగాల్సింది నన్ను కాదు. నేను పెట్టుకున్న అర్జీ ఆయన పని గురించే. ఆ అర్జీకే ఇప్పటిదాకా జవాబు లేదు.

3. బానిసల వారసులకూ ఇదే అన్యాయం జరుగుతోంది. వాళ్ల దగ్గర ఊరి పేరు రాసిన కాగితం కూడా ఉండదు. చాలామందికి అసలు పేర్లే మార్చేశారు. ఆ దేశ ప్రభుత్వం 2009లో నిజ నిర్ధారణకు, న్యాయానికి ఒక కమిషన్ వేసింది. అది 2011లో బానిసత్వం మీదా కూలీల వలస మీదా నివేదిక ఇచ్చింది. అక్కడి ప్రభుత్వమే ఆ కథను నోరువిప్పి చెబుతుంటే, మన బస్సుల్లో దాన్ని దాటవేయడానికి కారణం నాకు తోచడం లేదు.

4. మన వైపు కూడా ఇదే మరుపు. ఇంటికొచ్చాక కాకినాడ దగ్గర కోరంగి వెళ్లాను. పడవ నడిపే అబ్బాయి మడచెట్ల వేళ్ల గురించి, నీటిపిల్లుల గురించి ఎంతో ప్రేమగా చెప్పాడు. ఈ ఊరి పేరుతో సముద్రం అవతల ఒక జాతినే పిలిచేవారు తెలుసా అంటే తెల్లబోయాడు. రోజూ ఆ నీళ్ల మీదే బతికేవాడికి తన ఊరి గొప్ప తెలియకపోవడం చూస్తే నాకు చాలా కష్టమనిపించింది. అది తెలిస్తే, మారిషస్ నుంచో రంగూన్ నుంచో వెతుక్కుంటూ వచ్చేవాళ్లకు అతనే మంచి గైడ్ అవుతాడు, అతనికీ నాలుగు డబ్బులొస్తాయి.

ఇక నేను కోరేవి.

5. ట్రావెల్స్ వారికి: ప్యాకేజీలో తోట బంగళా ఉంటే, ఆప్రవాసీ ఘాట్ కూడా తప్పకుండా పెట్టండి. పోర్ట్ లూయీలో షాపింగ్‌కి ఎలాగూ మధ్యాహ్నం పూట వదులుతున్నారు. అందులో ఒక గంట చాలు.

6. గైడ్లకు: హాలు చూపించిన తర్వాత వంటశాల చూపించండి. లోపలికి వెళ్లే వీలు లేకపోతే బయట నిలబడి చెప్పండి. ఇల్లు ఏ సంవత్సరంలో కట్టారు, అప్పటికి బానిసత్వం ఉందా లేదా, కూలీలు ఎక్కణ్ణుంచి వచ్చారు, కూలి ఎంత, డబుల్ కట్ అంటే ఏమిటి. ఈ అయిదు ముక్కలు చెప్పడానికి అయిదు నిమిషాలు పట్టదు. దీన్ని అర పేజీ తెలుగులో రాసి ఉంచాను. ఉచితంగా వాడుకోండి, నా పేరు కూడా అక్కర్లేదు. ఆ బంగళాలకు ఏటా ఇంతమంది సందర్శకులను పంపుతున్నది మీరే. కాబట్టి వంటశాల గోడకు ఒక బోర్డు పెట్టమని వాళ్లను మీరు అడిగితే వింటారు. నాలాంటివాడు అడిగితే వినరు.

7. ఆర్కైవ్స్, రెవెన్యూ అధికారులకు: ఉత్తరాంధ్ర, గోదావరి జిల్లాల్లోని గ్రామాల పాత ఇంగ్లీషు రాతలకు, ఇప్పటి పేర్లకు ఒక పట్టిక తయారు చేయించండి. పాత పేరు, ఇప్పటి పేరు, మండలం, అంతే చాలు. బ్రిటిష్ కాలం నాటి సర్వే, సెటిల్మెంటు కాగితాల్లో ఆ రాతలు ఉంటాయి. మద్రాసు ప్రెసిడెన్సీ రికార్డులు చెన్నై ఆర్కైవ్స్‌లో ఉన్నాయి, అక్కడా అడగాలి. దీనికి కొత్త శాఖ అవసరం లేదు. ఈ జిల్లాల్లో నాలాగా రిటైరైన టీచర్లు, వీఆర్వోలు ఎంతోమంది ఉన్నారు. పిలిస్తే వచ్చి కూర్చుంటాం, జీతం అడగం. తయారైన పట్టికను మోకాలోని ఇన్‌స్టిట్యూట్‌కి పంపి, మారిషస్ నుంచి వచ్చే ఉత్తరాలకు జవాబిచ్చే బాధ్యత పేరుపెట్టి ఒక అధికారికి అప్పగించండి. మర్నాడు వెళ్తే సీటులో మనిషి ఉండాలి.

8. పర్యాటక శాఖకు: కోరంగి పడవ నడిపేవాళ్లకు ఒక్క రోజు శిక్షణ పెట్టి ఈ కథ చెప్పండి. పడవ ఎక్కే చోట 1839 ఉప్పెన గురించి, 1843 ఓడ గురించి తెలుగులోనూ ఇంగ్లీషులోనూ, వీలైతే ఫ్రెంచిలోనూ నాలుగు వాక్యాలు రాసి పెట్టించండి. మారిషస్ నుంచి వచ్చేవాళ్లలో చాలామంది చదివేది ఫ్రెంచే.

ఈ నాలుగు కోరికల్లో ఖర్చయ్యేది దాదాపు ఏమీ లేదు. కావలసింది ఎవరో ఒకరు పూనుకోవడం. ఈ లేఖ ప్రతులు నేను అర్జీ పెట్టిన కార్యాలయానికీ, మేం వెళ్లిన ట్రావెల్స్ వారికీ స్పీడ్ పోస్టులో పంపుతున్నాను. ఈ నెలాఖరు దాకా చూస్తాను. జవాబు రాకపోతే సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెడతాను, మళ్లీ కార్యాలయానికి వచ్చి కూర్చుంటాను.

పోర్ట్ లూయీ పెద్దాయన తన కాగితం జిరాక్స్ ఒకటి నాకిచ్చారు. ఇప్పటికి పదకొండు పాలేలు తిరిగాను. ఉత్తరాంధ్రలో ఎవరైనా పాత గ్రామ దస్తావేజులు దాచుకుని ఉంటే, ముఖ్యంగా కరణాల కుటుంబాల వాళ్లు, దయచేసి ఒకసారి తీసి చూడండి. పన్నెండో ఊరికి వచ్చే ఆదివారం వెళ్తున్నాను.

ఇట్లు,
ఒక రిటైర్డ్ సోషల్ టీచర్,
శ్రీకాకుళం జిల్లా